జ్ఞానయ్య పదిహేడో అట్ట

శంషాబాదులో చర్చి వెనక సందు, మూడో ఇల్లు. ఆ ఇంటి ముందు బాదంచెట్టు నీడలో కుర్చీ వేసుకొని, పాత పెళ్లిపత్రికల వెనక ఏదో రాసుకునే ముసలాయన ఎవరని పంతొమ్మిదివందల తొంభైఆరులో మీరు అడిగి ఉంటే ముగ్గురు మూడు పేర్లు చెప్పేవాళ్లు. గగన్‌పహాడ్ నూనె మిల్లువాళ్లకు ఆయన కరెంటు జ్ఞానయ్య. ముప్పై ఏళ్లు ఆ మిల్లు మోటార్లు ఆయన చేతి మీదుగా తిరిగాయి. చర్చివాళ్లకు మైకు జ్ఞానయ్య. ఇక నర్కుడ, పాలమాకుల, పెద్దగోల్కొండ నుంచి కూరగాయల గంపలతో వచ్చే అరవై దాటిన ఆడవాళ్లు మాత్రం ఆయన్ని చూడగానే నవ్వి, "బొమ్మలాయన" అనేవాళ్లు. ఆయనకు ఇష్టమైన పేరు అదే.

ఆ పేరు ఆయనకు ఎడిత్ దొరసాని వల్ల వచ్చింది. ఆమె సంగతి కొంచెం చెప్పుకోకపోతే జ్ఞానయ్య సంగతి సగమే అవుతుంది.

దొరసాని లండనులో ఉన్న రోజుల్లో సినిమాలకు కథలు రాసేది. సినిమాకు ఇంకా నోరు రాని కాలం. వంటింటి బల్ల దగ్గర కూర్చొని, పక్కన రొట్టె కాలుతుంటే, పోస్టుకార్డంత అట్టల మీద ఒక్కో దృశ్యం రాసి కంపెనీకి పంపేదట. వాళ్లు బొమ్మ తీసేవాళ్లు, తెర మీద ఆమె పేరు మాత్రం వేసేవాళ్లు కాదు. ఆరేళ్లు అలా రాసి రాసి విసుగెత్తి, ఇద్దరు స్నేహితురాళ్లను కలుపుకొని తానే నిర్మాత అయి కూర్చుంది. పూలమొక్కలు పెంచే అద్దాల షెడ్డు ఒకటి కిరాయికి తీసుకున్నారు. వెలుతురు కోసం ఎంచుకున్న ఆ అద్దాల కప్పులోంచి ఎండకంటే వానే ఎక్కువ దిగేది. నీళ్లు కారే చోట గొడుగు పట్టుకున్న పాత్రనొకదాన్ని కథలో నిలబెట్టేసేది దొరసాని. అలా పద్నాలుగు సినిమాలు తీసింది. పదిహేనోది సగంలో ఉండగా సినిమా మాట్లాడటం నేర్చింది. కంపెనీలన్నీ నాటకాలు రాసేవాళ్ల ఇళ్లకు పరిగెత్తాయి. షెడ్డులో మళ్లీ పూలమొక్కలు పెట్టారు. ఆమె అక్క ఇక్కడ మిషన్ దవాఖానలో నర్సు. అక్కను చూసిపోదామని, తెర మీద బొమ్మ వేసే చేతియంత్రం ఒకటి, తన రీళ్ల డబ్బాలు మూడు పట్టుకొని వచ్చిన మనిషి, ఊరూరా ఆ సినిమాలు వేస్తూ ఇరవై ఏళ్లు ఉండిపోయింది.

జ్ఞానయ్య ఆమె దగ్గర చేరేనాటికి ఆయనకు పద్దెనిమిదేళ్లు. యంత్రం దొరసానే తిప్పేది. సినిమా మధ్యమధ్యలో వచ్చే మాటల అట్టలు ఇంగ్లీషులో ఉంటాయి కాబట్టి, తెర పక్కన నిలబడి ఊరి జనానికి కథ చెప్పడం జ్ఞానయ్య పని. ఆ పని ఆయన ఎంత ఉత్సాహంగా చేశాడంటే, మొదటి ఆటకే లండను చాకలామె నర్కుడ చాకలామె అయిపోయింది, టోపీ ఎగిరిపోయిన దొర పటేలు అయిపోయాడు. తిరుగు బండిలో దొరసాని అడిగింది.

"జ్ఞానయ్యా, నా సినిమాలో ఆ చాకలి ముసలామె చనిపోదు. నువ్వు ఎందుకు చంపినావు?"

"ఏడ్పు లేకుంటె జనం లేసిపోతరు దొరసానీ."

"చివర ఆమె రొట్టె తింటున్నది. చచ్చినామె రొట్టె ఎట్లా తింటుంది?"

"గది స్వర్గంల రొట్టె అని చెప్పిన."

దొరసాని చాలాసేపు నవ్వింది. తర్వాత ఒక మాట చెప్పింది. మంచి బొమ్మకు పక్కన మనిషి అక్కర్లేదు, చూసేవాళ్లే ఒకరికొకరు చెప్పుకుంటారు అని. ఆమె ఆయనకు అట్టలు రాయడం కూడా నేర్పింది. అట్టకు ఒక్క దృశ్యం. అందులో మనుషుల చేతులు ఏం చేస్తున్నాయో అదే రాయాలి. మాట లేకపోతే కుదరదనిపిస్తే ఆ అట్ట చింపేసి ఇంకోటి రాయాలి. జ్ఞానయ్య వందల అట్టలు రాశాడు. ఒక్కటీ బొమ్మ కాలేదు. యాభై ఒకటిలో దొరసాని తన దేశం వెళ్లిపోతూ యంత్రాన్నీ రీళ్లనూ ఆయనకే అప్పగించింది. ఇంకో ఏడేళ్లు ఆయన ఒక్కడే ఊళ్లు తిరిగి, యాభై ఎనిమిదిలో ఉన్నట్టుండి ఆపేశాడు.

ఎందుకు ఆపాడో తెలిసినవాళ్లు ఇద్దరే. ఆయన, ఆయన భార్య ఇందిరమ్మ.

నర్కుడలో ఆట. బయల్దేరబోతూ చూస్తే తెరగుడ్డను ఎలుకలు కొట్టేశాయి. పెళ్లై ఏడాది కాలేదు. ఇందిరమ్మ మైలార్‌దేవ్‌పల్లిలో పుట్టింట్లో ఉంది. పెట్టెలో ఆమె పెళ్లిచీర ఉంది. క్రైస్తవుల ఇళ్లలో పెళ్లికూతురు కట్టేది తెల్లచీర. బడిపంతులైన తండ్రి కూతురి కోసం గద్వాల దాకా పోయి తెచ్చిన తెల్ల పట్టుచీర అది. అంతకంటే మంచి తెర నాలుగు జిల్లాల్లో దొరకదనిపించింది జ్ఞానయ్యకు. రెండు గుంజల మధ్య బిగించి కట్టాడు. బొమ్మ ఎన్నడూ లేనంత తేటగా పడింది. రెండో రీలు మధ్యలో గాలివాన వచ్చింది. జ్ఞానయ్య చొక్కా విప్పి రీళ్ల డబ్బాలకు చుట్టాడు, యంత్రాన్ని నెత్తికెత్తుకున్నాడు, పరిగెత్తాడు. తెల్లారి వెళ్లి చూస్తే చీర ముళ్లకంచెకు చిక్కుకొని, సగం ఎర్రమట్టిలో ఉంది.

ఇందిరమ్మ వచ్చింది, చూసింది. ఒక్క మాట అడగలేదు. చీరను గంపలో పెట్టి పెరట్లో బట్టలుతికే బండ మీద పెట్టింది. పక్కన గిన్నెలో కుంకుడుకాయలు నానుతుండేవి, తలకు పోసుకోవడానికి కాబోలు అనుకునేవాడు ఆయన. ఎనిమిది నెలలు ఆమె మాట్లాడలేదు. అన్నం పెట్టేది, చొక్కాకు గుండీ కుట్టేది. నీళ్లు కాగితే కోడితో చెప్పేది, "ఏమే, నీళ్లు కాగినయని చెప్పు." జ్ఞానయ్య కూడా కోడికే జవాబిచ్చేవాడు. ఆ గంప తనకు వేసిన శిక్ష అనుకొని, దాని పక్క నుంచి పోయినప్పుడల్లా తల తిప్పుకునేవాడు. ఎనిమిదో నెలలో ఒక పొద్దున ఆయన చెప్పులో కాలు పెట్టబోతుంటే ఆమె "తేలు" అంది. అక్కడి నుంచి మాటలు మళ్లీ మొదలయ్యాయి. గంప పెరట్లోంచి కనబడకుండా పోయింది. ఆయన యంత్రాన్ని మిషన్‌కు ఇచ్చేసి మిల్లులో చేరాడు. చీర ఊసు మాత్రం మళ్లీ రాలేదు. చచ్చినామెకు స్వర్గంలో రొట్టె తినిపించిన నోటికి, కట్టుకున్నదానితో చెప్పాల్సిన ఒక్క ముక్క ముప్పై ఎనిమిదేళ్లు దొరకలేదు.

తొంభై ఆరు ఫిబ్రవరిలో చిన్నకూతురు వినీల పెళ్లి అయింది. ఆ పొద్దున తెల్లచీర కుచ్చెళ్లు సర్దించుకుంటూ అడిగింది ఆ పిల్ల.

"అమ్మా, నీ పెండ్లిచీర ఏది? ఒక్కసారన్న చూపియ్యలే."

ఇందిరమ్మ సూదిలో దారం ఎక్కిస్తూ, "ఎలుకలు కొట్టినయి బిడ్డా" అంది.

గుమ్మంలో మైకు వైరు చుట్టుకుంటున్న జ్ఞానయ్య చెయ్యి ఆగిపోయింది. ఎలుకలు కొట్టింది తెరను. ఆ సంగతి ఆయన ఆమెకు ఎన్నడూ చెప్పలేదు. ఆమె ఎవరినో అడిగి తెలుసుకుంది. తెలుసుకొని, ఇన్నేళ్లకు, ఆయన తప్పును ఆ ఎలుకల మీదికే నెట్టి కూతురి ముందు కాపాడింది.

వినీల బడంగ్‌పేట్ అత్తగారింటికి వెళ్లిపోయింది. పంచగా మిగిలిన పెళ్లిపత్రికల కట్ట విప్పి, బాదంచెట్టు కింద జ్ఞానయ్య మొదటి అట్ట రాశాడు.

"పొద్దస్తమానం ఏం రాస్తున్నవ్?" అని అడిగింది ఇందిరమ్మ.

"చర్చిల కోత పండుగకు బొమ్మ తీస్తున్న. వీడియోల."

"బైబిలుల తప్పిపోయిన గొర్రెపిల్ల కథనా?"

"గసోంటిదే."

"గొర్రెను ఎవలిస్తరు నీకు?" అనుకుంటూ ఆమె లోపలికి పోయింది.

పదహారు అట్టలు సులువుగానే వచ్చాయి. అన్నీ జరిగినవే కదా. పదిహేడోదానికి నెల పట్టింది, ఎందుకంటే అది జరగనిది. అందులో మొగుడు మట్టి పట్టిన చీర తీసి ఉతుకుతాడు. తాను చేసి ఉండవలసిన పని. ఈ బొమ్మ చూసి ఇందిరమ్మకు అది అర్థమైతే చాలు. తానేమీ మాట్లాడనక్కర్లేదు.

కెమెరా సత్తిబాబుది. తణుకు నుంచి వచ్చి బెంగుళూరు రోడ్డు మీద స్టూడియో పెట్టుకున్నవాడు. వినీల పెళ్లి వీడియో తీసింది అతనే. ఆషాఢంలో పెళ్లిళ్లుండవు కాబట్టి కెమెరా ఖాళీగా ఉంది.

"డైలాగులెవరు రాస్తున్నారు మాస్టారూ?"

"డైలాగుల్లెవ్వు."

"పాటలు?"

"లెవ్వు. మొగడు పెండ్లాం మాట్లాడుకోరు. గంతే కథ."

సత్తిబాబు కెమెరా సంచి భుజాన వేసుకున్నాడు. "అయితే మా ఇంట్లో తీసేద్దామండి. విడిగా నటులు కూడా అక్కర్లేదు."

చివరికి నటులు బాలమల్లు, కొండమ్మ. హైవే పక్కన ఆయనది పంక్చర్ల దుకాణం, దాని నీడలోనే ఆమెది మిర్చీబజ్జీల బండి. ఊళ్లో ఎవరూ ఇంకొకరి పెళ్లాంగా వేషం వేయడానికి ఒప్పుకోలేదు కాబట్టి నిజం మొగుడూ పెళ్లాలే కావాల్సి వచ్చింది. చిక్కేమిటంటే ఆ ఇద్దరూ ఒక్క నిమిషం నోరు మూసుకున్న దాఖలా లేదు. రెండో చిక్కు అంతకంటే పెద్దది. లైటు వెలగగానే కొండమ్మ కొంగు సర్దుకొని, మొగుడి పక్కన నిటారుగా నిలబడి, కెమెరాకేసి చూస్తూ బిగుసుకుపోయేది. పెళ్లి వీడియోలకు అలా నిలబడటమే అందరికీ తెలిసిన పద్ధతి.

"కొండమ్మా, నువ్వు అలిగినవు. ఇటు చూడొద్దు."

"లైటేసినంక చూడకుంటె పొగరనుకోరా పెద్దాయనా?"

"ఇది పెండ్లి కాదు."

"గందుకే నవ్వుతలేను గద."

దొరసాని చెప్పిన అద్దాల షెడ్డు కిటుకొకటి గుర్తొచ్చింది జ్ఞానయ్యకు. చేతికి పని ఇస్తే కళ్లు దాని వెంటే పోతాయి. రెండు కిలోల వెల్లుల్లి తెప్పించి కొండమ్మ ముందు పోశాడు. పది నిమిషాల్లో ఆమె కెమెరాను మరిచిపోయింది. అలుక ఎంత బాగా కుదిరిందంటే, బాలమల్లు భయపడి, "నిజంగనే ఏమన్న అన్ననా?" అని రెండుసార్లు అడిగాడు.

తెల్లచీర దగ్గర మాత్రం ఆమె వెనక్కి జరిగింది.

"నా మొగడు బతికుండంగ తెల్లచీర ముట్టుమంటున్నవా?"

"మాకు పెండ్లిచీర తెల్లదే కొండమ్మా."

"మీకు. నాకు గాదు." అని, ముసలాయన మొహం చూసి కొంచెం మెత్తబడి, "నాలుగు మూలలకు జర పసుపు పెట్టనియ్యి. అప్పుడు ముడ్త" అంది.

పెట్టనిచ్చాడు. పసుపు మూలల తెల్లచీరే బొమ్మలో తెర అయింది, వాన పేరుతో బాలమల్లు తమ్ముడు పట్టిన పైపు నీళ్లలో తడిసింది, కంచెకు చిక్కింది. చివరి అట్టకు బాలమల్లు దాన్ని బండకేసి ఠపీఠపీమని ఉతికాడు.

టేపు మైలార్‌దేవ్‌పల్లిలో, తీసిన ముక్కలు వరసగా అతికే మిక్సింగుకు వెళ్లింది. అక్కడ సత్తిబాబు బావమరిది ఫణి ఉన్నాడు. వరసగా పెళ్లిళ్లు రావడంతో మన బొమ్మ అటక మీదే ఉండి, కార్తీకంలో, రోజుకు ఆరు పెళ్లి క్యాసెట్లు కలుపుతున్న ఫణి చేతికి వచ్చింది. కోత పండుగ ఆదివారం నాడు, చర్చికి కానుకగా వచ్చిన పంటల వేలం ముగిసి సహపంక్తి భోజనాలు జరుగుతుండగా సత్తిబాబు స్కూటరు మీద దాన్ని తెచ్చాడు. పాస్టరు కరుణ్ అయ్యగారి ఇంట్లో టీవీకి పెట్టి ముగ్గురూ చూశారు.

రెండు పావురాలు ఎగిరొచ్చాయి. వాటి మధ్య ఎర్రటి గుండె విచ్చుకుంది. అందులో 'బాలమల్లు వెడ్స్ కొండమ్మ' అని పడింది. వెనక సన్నాయి. కొండమ్మ అలిగి వెల్లుల్లి ఒలుస్తుంటే ఆమె చుట్టూ గుండెలు తేలాయి. చీర కంచెకు చిక్కిన చోట గట్టిమేళం మోగింది.

సత్తిబాబు తల గోక్కున్నాడు. "పసుపు పెట్టిన చీర కనపడేసరికి పెళ్లి క్యాసెట్టనుకున్నాడండి వెధవ. మళ్లీ చేయించాలంటే నాలుగు రోజులు."

"వచ్చే ఆదివారం వేసుకుందాం బాపు" అన్నారు కరుణ్ అయ్యగారు.

వచ్చే ఆదివారం దాకా తన ధైర్యం నిలవదని జ్ఞానయ్యకు తెలుసు. "సౌండు బంద్ చేసి ఎయ్యిండ్రి" అన్నాడు.

"అయితే మీరే పక్కన నిలబడి చెప్పేయండి మాస్టారూ. మీకేం కొత్తా?"

కొత్త కాదు, అదే భయం. చర్చి హాలుకు నడుస్తుంటే కథ దానంతట అదే నోట్లోకి వచ్చేస్తోంది. ఆ గుండెలకు తగ్గట్టు కొత్తజంట కథ అల్లొచ్చు. తెల్లచీరను గొర్రెపిల్ల చేసి, తప్పిపోయి దొరికిందనొచ్చు. జనం చప్పట్లు కొడతారు. ఇందిరమ్మకు మాత్రం ఏమీ చేరదు. నిజం చెబితే నూటయాభై మంది తలలు తిప్పి ఆమెనే చూస్తారు.

హాలులో ఆడవాళ్లు చాపల మీద, మగవాళ్లు బల్లల మీద కూర్చున్నారు. ఇందిరమ్మ మూడో వరసలో ఉంది, ఒళ్లో వేలంలో పాడుకున్న గుమ్మడికాయ. టీవీ పక్క నిలబడ్డ జ్ఞానయ్యకు ఆమె కళ్లద్దాల మెరుపు తప్ప మొహం కనిపించడం లేదు.

పావురాలు ఎగిరాయి. 'వెడ్స్' చదివి హాలంతా నవ్వింది. కొండమ్మ బాలమల్లు వీపు మీద ఒకటి చరిచింది. మొదటి అట్ట, రెండోది, మూడోది. సన్నాయి లేదు, మాట లేదు. జనం కదులుతున్నారు. నర్కుడ జంగమ్మ ఆయన పాత ఆటలన్నీ చూసిన మనిషి. ఆమెకు ఇక ఓపిక లేకపోయింది.

"చెప్పవేందయ్య బొమ్మలాయనా? నోరు పడిపోయిందా?"

జ్ఞానయ్య పెదవులు విడివడ్డాయి. "అనగనగ" అనే మాట నాలుక చివరి దాకా వచ్చింది. ఆయన కింది పెదవిని పంటితో నొక్కిపెట్టి, చేతులు వెనక్కి కట్టుకొని, టీవీ దగ్గర నుంచి గోడ పక్కకు వచ్చి నిలబడ్డాడు.

తెర మీద నీళ్లు కురిశాయి. బాలమల్లు చొక్కా విప్పి డబ్బాలకు చుట్టాడు, పరిగెత్తాడు. చీర కంచె మీద మిగిలింది.

"అగో" అంది జంగమ్మ పక్కామెతో. "చీర ఇడిసిపెట్టి డబ్బలెత్కపోతుండు పిచ్చోడు."

"ఎవల చీర?"

"పెండ్లానిదే. సూడు, ఎట్ల సూస్తుందో. ఇగ మాట్లాడదు."

"కోడితోని చెప్తుంది."

"ఆడు గూడ కోడితోనే."

ఎవరో నవ్వారు. ఆ నవ్వు మొదట్లోలాంటిది కాదు. చాప మీద నుంచి చాప మీదికి మాట పాకింది. వెల్లుల్లి ఒలిచే కొండమ్మ చుట్టూ గుండెలు తేలుతుంటే ఒక పిల్ల అడిగింది, "కోపమొస్తె గుండెకాయలేంది అమ్మమ్మా?"

"కోపమొచ్చినా అన్నం పెడుతుంది గదనే. గందుకు" అంది జంగమ్మ.

తేలు వచ్చింది. చివరికి పదిహేడో అట్ట. బండ, చీర, మొగుడి చేతులు. "ఇప్పుడు సోయికొచ్చిండు" అందొకామె, బొమ్మ అయిపోయింది. జనం చప్పట్లు కొడుతుంటే జ్ఞానయ్య మూడో వరసకేసి చూశాడు. అక్కడ ఇందిరమ్మ లేదు. గుమ్మడికాయ కూడా లేదు.

ఆయన ఇల్లు చేరేసరికి పొద్దు ఇంకా ఉంది. గుమ్మడికాయ గుమ్మం పక్కన ఉంది. ఇందిరమ్మ పెరట్లో నిలబడి ఉంది.

"నా చీరకు పసుపేంది?" అని అడిగింది.

"కొండమ్మ తెల్లచీర ముట్టనన్నది."

"ఊ. గా ఉతుకుడు ఏం ఉతుకుడు? పట్టుచీరను బండకేసి కొడ్తరా ఎవలన్న? నువ్వు ఏం రాసిచ్చినవు బాలమల్లుకు?"

జ్ఞానయ్య జేబులోంచి అట్ట తీసి ఇచ్చాడు. ఆమె కళ్లద్దాలు సర్దుకొని చదివింది. "మొగుడు చీర ఉతుకును. గింతేనా? కుంకుడుకాయ రాయలే. చేత్తోటని రాయలే."

"నాకు తెల్వది."

"ఎట్ల తెల్వది? ఎనిమిది నెల్లు బండ మీద చీర పెట్టిన. పక్కన కుంకుడుకాయలు నానబెట్టిన. వారానికోసారి కొత్తయి పోసిన. ఇయ్యాల ఉతుకుతడు, రేపు ఉతుకుతడు అనుకుంట."

జ్ఞానయ్య ఆ గిన్నెను తలుచుకున్నాడు. కాయలు ఎప్పుడూ కొత్తగా, నురగతో ఉండేవి. చేతులు ఏం చేస్తున్నాయో చూడమని దొరసాని ఐదేళ్లు నేర్పింది. అట్టలు వందలు రాసిన మనిషి, కళ్లముందున్న ఆ ఒక్క అట్ట చదువుకోలేకపోయాడు. ఏదో చెప్పబోయాడు.

"ఇప్పుడేం చెప్పకు" అంది ఇందిరమ్మ. లోపలికి వెళ్లి, పెట్టె అడుగు నుంచి పాత దుప్పటి మూట తెచ్చి బండ మీద విప్పింది. నర్కుడ ఎర్రమట్టి ఎండి, మడతల్లో పొడిపొడిగా రాలింది. ముళ్లు చింపిన చోట పోగులు అట్లాగే ఉన్నాయి. పక్కనే గిన్నెలో, ఆయన రాకముందే కొట్టి వేసిన కుంకుడుకాయలు నానుతున్నాయి.

జ్ఞానయ్య చొక్కా చేతులు మడిచి, బండ ముందు పీట వేసుకొని కూర్చున్నాడు. చీర అంచు పట్టుకోబోయాడు.

"ముందుగాల చేతులు కడుక్కో" అంది ఇందిరమ్మ.